తమామ్ అనని మనిషి

పోయిన శుక్రవారం మా రాజన్న మామ స్టూడియోకు వచ్చీ రాగానే, కుర్చీలో కూడా కూర్చోకుండా ఫోను తెచ్చి నా మొహం ముందు పెట్టాడు. అత్తమ్మ పోయినప్పటి నుంచి ఆయనకు మా షాపే రచ్చబండ. పెళ్లి ఆల్బమ్‌ల కోసం వచ్చేవాళ్లను ఊరూ పేరూ అడగడం, నేను ఎడిటింగ్ చేస్తుంటే వెనక నిలబడి "పెండ్లిపిల్ల మొకానికి సున్నమేసినవేందిరా" అని వంకలు పెట్టడం ఆయన రోజువారీ కొలువు. ఫోనులో మా వాడకట్టు పిల్లగాడొకడు రియాద్ నుంచి పెట్టిన వీడియో నడుస్తోంది. "హాయ్ ఫ్రెండ్స్, ఇయ్యాల మా రూము సూపెడ్త రండ్రి" అంటూ వాడు ఒకదాని మీద ఒకటి పేర్చిన మంచాలు, మసిపట్టిన గ్యాస్ పొయ్యి, తలుపు దగ్గర చెప్పుల కుప్ప, చివరికి బాత్రూంలో బకెట్ కూడా చూపించాడు. బొద్దింక కనబడితే "మా రూమ్మేటు" అని పేరు పెట్టాడు. వాడున్నది రియాద్‌లోని బతా బస్తీలో. ఒకప్పుడు మామా నేనూ ఉన్న గల్లీకి రెండు గల్లీల అవతల. మామ కడుపుబ్బ నవ్వుతున్నాడు. నాకు మాత్రం నా బట్టలే ఎవరో నడిబజార్లో లాగేసినట్టయి, ఫోను తీసి బోర్లా పెట్టేశాను. "ఏమాయెర నీకు? పిలగాడు మంచిగనే తీసిండు గద!" అన్నాడు మామ. మంచిగానే తీశాడు. అదే నా బాధ.

మా రూములో వాసనలు గుర్తు చేసుకుంటే ఇప్పటికీ ముక్కు ముడుచుకుంటుంది, నోరూ ఊరుతుంది. ఎండని తువ్వాళ్లు, ఫినాయిలు, పక్క రూము పాకిస్తానీల నిహారీ, వాటన్నిటి మీద మామ వేసే ఎల్లిపాయ పోపు. మామ ఒక మెయింటెనెన్స్ కంపెనీలో పైపుల పని చేసేవాడు. వారమంతా వంతులవారీగా వండుకునేవాళ్లం గాని, శుక్రవారం వంట మాత్రం మామదే. ఇంకొకరిని గరిటె ముట్టనిచ్చేవాడు కాదు. తెల్లబనీను, గళ్ల లుంగీ, చెవిలో సగం కాల్చిన సిగరెట్టు. ఉల్లిగడ్డలు కోస్తూ, ఫోను భుజానికీ చెవికీ మధ్య ఇరికించి అత్తమ్మతో మాట్లాడేవాడు. "వంటోడున్నడు. మలబారోడు. మంచిగనే చేస్తడు గని మన కారం రాదు ఆనికి" అని చెబుతూనే కత్తితో నన్ను నూనె డబ్బా అందుకోమని సైగ చేసేవాడు. అందరం అంతే. ఫోటోలు దిగాలంటే స్నానాలు చేసి, సెంటు కొట్టుకుని, పెద్ద మాల్ ముందుకు పోయి, ఎవడిదో కారు మీద చెయ్యి ఆనించి నిలబడేవాళ్లం. సెంటు వాసన ఫోటోలో రాదని తెలిసినా కొట్టుకునేవాళ్లం. రూములో ఫోటో దిగిన మొగోడు లేడు. ఊళ్లో వాళ్లకు మేముండే చోటు తెలియకపోవడమే మా పరువు.

నేను మెట్‌పల్లిలో పెళ్లి వీడియోలు తీసి తీసి, అప్పట్లో అందరిలాగే ఒక ఏజెంటును పట్టుకుని రియాద్ పోయాను. అక్కడ ఉండేందుకు ఇచ్చే ఇఖామా కార్డులో నా మెహనా, అంటే వృత్తి, "ఆమిల్" అని ఉండేది. కూలీ అన్నమాట. ఇటుకలు మోయాల్సినవాడిని మామ తంటాలు పడి ఒక ఫిల్మ్ కంపెనీలో లైట్లు మోసే పనికి కుదిర్చాడు. ఆస్పత్రుల మీద, రేవుల మీద, గోధుమ పొలాల మీద ప్రచార చిత్రాలు తీసే కంపెనీ అది. అక్కడే తనబె గారు పరిచయం. అరవై దాటిన జపాన్ కెమెరామన్. బక్కపలచటి మనిషి, గుడ్డ టోపీ, ఎప్పుడూ ఇస్త్రీ చెడని చొక్కా. జపాన్ నుంచి అతిథులు వచ్చినప్పుడు ఆయన్ని "తనబె సాన్" అని పిలుస్తుంటే, సాన్ అంటే ఇంటిపేరు కాబోలు అనుకున్నాం. పెద్దమనిషిని ఇంటిపేరుతో పిలవడం మర్యాద కదా అని "సాన్ సాబ్" అనడం మొదలుపెట్టాం. సాన్ అంటే మన "గారు" లాంటిదని, అంటే ఇంతకాలం ఆయన్ని "గారు సాబ్" అంటున్నామని చాలా ఆలస్యంగా తెలిసింది. ఆయన ఒక్కసారీ దిద్దలేదు. మామకు చెబితే, "సాన అంటే సానరాయే అనుకున్నర నేను, నిన్ను సాన వడ్తున్నడని" అన్నాడు. అది కూడా నిజమే.

ఆయన సాన పట్టే తీరు వేరు. కేకలు లేవు, తిట్లు లేవు. ఆ దేశంలో ఏ పనైనా "తమామ్" అన్న మాటతోనే ముగుస్తుంది. అంతా బాగుంది, అయిపోయింది అని అర్థం. పైపు కారుతున్నా తమామే, టీలో చక్కెర లేకున్నా తమామే. షాటు అయిపోగానే మేమందరం ఆయన నోటివైపు చూసేవాళ్లం. ఆయన మాత్రం తమామ్ అనేవాడు కాదు. బాగా లేకపోతే "తానీ మర్రా", ఇంకోసారి అనేవాడు. బాగుంటే ఏమీ అనకుండా కెమెరా మూత పెట్టేసేవాడు. మూత పడితే మేము ఊపిరి పీల్చుకునేవాళ్లం. మా ఈజిప్టు మేనేజరు ఒకసారి చిరాకెత్తి, "ఒక్కసారి తమామ్ అంటే నీ సొమ్మేం పోతుంది?" అని అడిగాడు. తనబె గారు తల వంచి క్షమించమన్నాడు గాని ఆ మాట మాత్రం అనలేదు.

హాయిల్ గోధుమ పొలాల షూటింగుకు కంపెనీ వ్యానులో వెళ్లేటప్పుడు ఆయన తన కథ చెప్పేవాడు. నా ఇంగ్లీషూ ఆయన ఇంగ్లీషూ రెండూ కుంటివే. ఒకదాని చెయ్యి ఒకటి పట్టుకుని నడిచేవి. ఆయన యుద్ధం అయిపోయిన తర్వాతి ఆకలి రోజుల్లో పుట్టిన మనిషి. బడి అయిపోగానే క్యోటోలో ఒక సినిమా స్టూడియోలో చేరాడు. మొదట పెట్టెలు మోయడం, తర్వాత నేల మీద నటులు నిలబడే చోట సుద్దగీత గీయడం, ఆ తర్వాత టేపు పట్టి కెమెరాకూ నటుడి కంటికీ మధ్య దూరం కొలవడం. ఏళ్ల తరబడి కొలతే కొలత. కెమెరాలో కన్ను పెట్టే హక్కు లేదు. ఒకరోజు గురువు భోజనానికి పోయాడు కదా అని దొంగతనంగా కన్ను పెట్టాడట. గురువు చూడనే చూశాడు. మర్నాటి నుంచి మళ్లీ సుద్దగీతలకు పంపించాడు. నేను పకపకా నవ్వి, "మా దగ్గరైతే మొదటి పెళ్లికే కెమెరా చేతికిస్తారు సార్" అన్నాను. "అందుకేనా పెళ్లికూతుళ్లందరూ ఒక్కలా ఉంటారు?" అన్నాడు. నా ఫోనులో పాత పెళ్లి వీడియోలు చూసి ఉన్నాడు మరి. చివరికి ఆయన చేతికి కెమెరా వచ్చేనాటికి జనం సినిమా హాళ్లు వదిలి టీవీల ముందు కూర్చున్నారు. కత్తియుద్ధాల సినిమాలు చౌకగా, తొందరగా తీసేవారు. అందులోనే వానను, చీకటిని, మసక వెలుతురును పట్టుకోవడం నేర్చుకున్నాడు. ఒకటి రెండు సినిమాలకు మంచి పేరొచ్చింది. తర్వాత స్టూడియో సగం నేల అమ్మేసింది. ఆయన నూడుల్స్‌కూ, ఫ్రిజ్‌లకూ ప్రకటనలు తీశాడు. భార్య పోయాక, ఉప్పునీళ్లను మంచినీళ్లు చేసే కర్మాగారం మీద ఒక సినిమా తీయడానికని కొన్ని నెలల కోసం సౌదీ వచ్చి అక్కడే ఉండిపోయాడు. "ఇక్కడ వెలుతురు చాలా గట్టిది. దానితో గొడవ ఇంకా తేలలేదు" అనేవాడు.

అంతలో నితాఖాత్ అనే కొత్త చట్టం వచ్చి పడింది. ఏ కంపెనీలో ఎంతమంది సౌదీలు ఉన్నారో చూసి ఎరుపు, పసుపు, పచ్చ అని రంగులు వేశారు. మా కంపెనీ ఎరుపు. ఎరుపులో పడితే ఇఖామాలు తిరగరాయరు. పైగా ఇఖామాలో ఒక పని రాసి ఉండి, చేతిలో ఇంకో పని కనిపిస్తే పట్టుకుపోతున్నారు. కాగితాలు సరిచేసుకోవడానికి సర్కారు కొంత గడువిచ్చింది. బతాలో ఎక్కడ చూసినా అదే ముచ్చట. శుక్రవారం కూడా గల్లీలు పలచబడ్డాయి. మేనేజరు నన్ను పిలిచి విషయం తేల్చేశాడు. "ఆమిల్ చేతిలో లైటు కనిపిస్తే నాకు జుర్మానా. కెమెరామన్ కింద ఒక్క ఖాళీ ఉంది. తనబె నోటితో 'ఇతను కెమెరామన్' అంటే నీ మెహనా మార్పిస్తాను. లేకపోతే ఖురూజ్." ఖురూజ్ అంటే ఇంటికి పోవడమే. ఊళ్లో చెల్లె పెళ్లి, ఏజెంటు అప్పు లాంటివి అందరికీ ఉంటాయి, వాటి సంగతి వదిలేయండి. నాకు అన్నిటికన్నా పెద్ద ఆశ వేరే ఉండేది. ఆ ఇఖామా కార్డు మీద కూలీ అన్న మాట పోయి "ముసవ్విర్", కెమెరామన్ అని పడాలి. ఊళ్లో నేను ముందే అలా చెప్పుకుని ఉన్నాను మరి.

"అడుగందే అమ్మయిన పెట్టదుర. అడుగు" అన్నాడు మామ. నేను తల అడ్డంగా ఊపాను. "అయితే నేను చూసుకుంట. శుక్రారం బువ్వకు పిలువు. మన ఉప్పు తిన్నంక కాదంటడా?" అన్నాడు. మామకు లోకంలో ఏ తాళమైనా మటన్‌తో తెరుచుకుంటుందని నమ్మకం. తనబె గారు వచ్చాడు. చెప్పులు విప్పి, మా కుప్పలో ఆయనవి మాత్రం జంటగా, మొన బయటకు పెట్టాడు. బగారన్నం, మటన్ కూర, పచ్చిపులుసు. రెండు చేతులూ జోడించి ఏదో అనుకుని తినడం మొదలుపెట్టాడు. గింజ మిగలకుండా తిన్నాడు. కంచం ఖాళీ అయింది కదా అని మామ మళ్లీ వేశాడు. ఆయన మళ్లీ గింజ మిగలకుండా తిన్నాడు. మామకు సంబరం పట్టలేదు. "సూసినవార, పాపం ఎన్నొద్దుల సంది కడుపు నిండ తినలేదో!" అని ఇంకో గరిటె. మన దగ్గర చాలనుకున్నవాడు కంచానికి చెయ్యి అడ్డం పెడతాడు, లేదా ఇంత మిగులుస్తాడు. ఖాళీ కంచం అంటే ఇంకా కావాలని కదా అర్థం. ఆయన దేశంలో కంచంలో మిగల్చడం వండినవాళ్లను అవమానించడం. వడ్డించిన కొద్దీ ఆయన తింటున్నాడు, తిన్న కొద్దీ మేము వడ్డిస్తున్నాం. నొసటి మీద చెమట, కళ్లు ఎర్రబారాయి. "కారమేమో" అని మామ పెరుగన్నం కూడా పెట్టాడు. అదీ తిన్నాడు. తిని, లేచి, ఎంతో మర్యాదగా బాత్రూం ఎక్కడని అడిగాడు.

ఆ తర్వాతది చెప్పాలంటే ఇప్పటికీ తల కొట్టేసినట్టుంటుంది. తలుపు గొళ్లెం పడని బాత్రూం అది. పెద్దమనిషి గోడ పట్టుకుని వాంతి చేసుకుంటుంటే నేను వీపు రాశాను, మామ చెంబుతో నీళ్లు పోశాడు. రూములోవాళ్లు ఏమీ వినపడనట్టు టీవీ పెంచారు. ఆయన మొహం కడుక్కుని, "వంట చాలా బాగుంది. నా కడుపు చిన్నది" అని మామకు తల వంచాడు. సిగ్గుండాలి నాకు, ఆ తడి మొహం ముందే నా అర్జీ పెట్టాను. మెహనా సంగతి, ఒక్క ఖాళీ సంగతి, ఆయన ఒక్క మాట అంటే చాలని. ఆయన చాలాసేపు తువ్వాలతో చేతులు తుడుచుకున్నాడు. భోజనం ఎందుకు పెట్టామో ఆయనకు అప్పుడే అర్థమై ఉంటుంది. "నా చిన్న కెమెరా తీసుకుపో. ఒక మనిషి పని చేసుకోవడం తీసి చూపించు. ఒక్క షాటు చాలు" అన్నాడు.

నేను మామ వంటనే ఎంచుకున్నాను. అంతవరకు బాగానే ఉంది. మర్నాడు బెంగాలీ దర్జీ దగ్గర పూల పరదా అడుక్కొచ్చి మంచాలు కనపడకుండా కట్టాను. బట్టల తాడు విప్పాను. మసి పొయ్యిని తోమి, దాని చుట్టూ వెండి కాగితం చుట్టాను. మామ ఊరుకుంటాడా? మీసాలకు రంగేసి, పండక్కి కొన్న నీలం చొక్కా, చేతికి గడియారం, కాళ్లకు బూట్లు. బూట్లు ఫ్రేములో రావన్నా వినలేదు. "నవ్వు మామా. మూత తియ్యి. మల్ల పెట్టు. ఇప్పుడు నా దిక్కు సూసి నవ్వు" అని, మెట్‌పల్లిలో పెళ్లికొడుకులకు చెప్పినట్టే చెప్పి, మెల్లగా జూమ్ చేసి తీశాను. ఎంత ముద్దొచ్చిందో ఆ షాటు నాకు!

తనబె గారు చిన్న తెర మీద దాన్ని మొదటి నుంచి చివరిదాకా చూశాడు.

"ఈయన ఎక్కడున్నాడు?"

"మా రూములో సార్."

"రూము ఏది?"

"పరదా వెనకాల" అని నవ్వాను.

"ఎందుకు వెనకాల?"

"ముందుంటే బాగుండదు సార్."

"ఎవరికి?"

ఆయన కెమెరా మూత పెట్టలేదు, అలాగే బల్ల మీద ఉంచాడు. తర్వాత మేనేజరు ఎదుటే చెప్పాడు. నేను మంచి లైట్‌మన్ అని, ఎక్కడ వెలుతురు పెట్టాలో తెలిసినవాడినని, కెమెరామన్ మాత్రం ఇంకా కాదని. ఇంకా అన్న మాట నాకు గుచ్చుకుంది. గడువు సర్కారుది, దానికి ఇంకా అంటే తెలియదు. మేనేజరు భుజాలెగరేశాడు. లైట్‌మన్ అన్న ఖాళీ లేదు.

నేను బయట మెట్ల మీద కూర్చుంటే ఆయన వచ్చి పక్కనే కూర్చున్నాడు. హాయిల్ దారిలో చెప్పని ముక్క అప్పుడు చెప్పాడు. ఆయన కొత్తగా కెమెరామన్ అయిన రోజుల్లో ఒక ముసలి నటి చివరి సీను. ఆవిడకు జబ్బు. ఏడుస్తూ కొంచెం ముందుకు వంగింది. ఫోకస్ తప్పి ఆవిడ కళ్లు మసకగా, చెవి స్పష్టంగా వచ్చిందని కెమెరాలో కన్ను పెట్టిన ఆయనకు తెలుసు. డైరెక్టరు "ఎలా వచ్చింది?" అని ఇటు చూశాడు. ఇంకోసారి అంటే ఆవిడ మళ్లీ ఏడవాలి. పెద్దవాళ్లందరూ నిలబడి ఉన్నారు. బాగుంది అనేశాడు. తెర మీద తప్పు బయటపడ్డప్పుడు టేపు పట్టిన కుర్రవాడి మీదికి పోయింది. వాడు కూడా ఎదురు చెప్పలేదు. స్టూడియో వదిలి వెళ్లిపోయాడు. "నేను ఆ ఒక్క మాట అన్నాను. ఇంక అనను" అన్నాడు తనబె గారు. నాకు జాలి కలగలేదు. నిజం చెబుతున్నాను, ఒళ్లు మండింది. ఎప్పుడో ఎక్కడో ఎవరి నోరో జారితే దానికి నేను ఊరికి పోవాలా అనిపించింది. మామ అయితే ఆ రోజంతా గిన్నెలతో మాట్లాడాడు. "మన బువ్వ తిని, మన బాత్రూంల కక్కి, గిప్పుడు మనకే నీతులు చెప్పవట్టెనా!"

పై శుక్రవారం నమాజు అయిపోయి గల్లీలో జనం తగ్గాక తలుపు తట్టిన చప్పుడు. చూస్తే తనబె గారు. ఒక చేతిలో నారింజల సంచి, భుజానికి పెద్ద కెమెరా. మామ బనీను లుంగీలో పొయ్యి ముందు గొంతుక్కూర్చుని ఉల్లిగడ్డలు కోస్తున్నాడు. "పోయినసారి నేను తిన్నాను. ఇవాళ నేను ఇవ్వాలి. ఆయన వంట తీస్తాను, ఇలాగే, అడుగు" అన్నాడు. నేను మామను అడగకుండానే "వద్దు సార్, బాగుండదు" అన్నాను. "నిన్ను అడగలేదు" అన్నాడు. నెమ్మదిగానే అన్నాడు గాని చెంప పగిలినట్టయింది.

"ఏమంటుండ్రా?" అన్నాడు మామ.

"నిన్ను గిట్లనే తీస్తడట. బనీను మీద."

"తియ్యమను."

"మామా! అత్తమ్మకు వంటోడున్నడని చెప్తివి గదా. గీ మంచాలు, గీ మసి... ఊరంత సూస్తే ఎట్ల?"

మామ కత్తి ఆపాడు. "చెప్పిన. ఎన్నేండ్లు చెప్పాలెర ఇంక? అది ఆడ ఒంటిగ బీడీలు చుట్టుకుంట కూసుంటది. నేను ఏడ తింటున్న, ఏడ పంటున్న ఒక్కసారన్న సూడనియ్యి. తియ్యమనుర" అని మళ్లీ ఉల్లిగడ్డ అందుకున్నాడు.

తనబె గారు లైట్లు తేలేదు. ఉన్నది ఒక్క కిటికీ. నా చేతికి తెల్లటి థర్మోకోల్ అట్ట ఇచ్చి, ఆ వెలుతురును మామ మొహం మీదికి మళ్లించమన్నాడు. మామ మమ్మల్ని మరచిపోయాడు. పోపు పెట్టాడు, దగ్గాడు, చేతి వెనకతో కళ్లు తుడుచుకున్నాడు, కూర ఇంత అరచేతిలో వేసుకుని నాకి చూశాడు. ఇన్నేళ్లు పక్కన కూర్చుని చూసిన పనే. ఏమిటో గాని ఆ మనిషి ఒంటరితనం నాకు అంతవరకు కనబడలేదు. అప్పుడు కెమెరా మెల్లగా పొయ్యి మీద నుంచి మంచాల వైపు, మంచాల మీద నుంచి తాడు మీది లుంగీల వైపు తిరుగుతూ నా వైపు వస్తోందని గమనించి పక్కకు ఒక్క గంతు వేశాను. "సార్, నేను ఫ్రేములో వచ్చానా? తానీ మర్రా?" అని నేనే అడిగాను. ఆయన కన్ను తీసి, కెమెరా దించి, నన్ను చూసి అన్నాడు.

"తమామ్."

అట్ట పట్టుకుని అలాగే నిలబడిపోయాను.

గడువు లోపలే నా ఖురూజ్ పడింది. వెళ్లే ముందు ఆయన ఒక పెన్‌డ్రైవ్ ఇచ్చి, మామ ఇంట్లో ఇవ్వమన్నాడు. ఆఫీసులో అందరి ముందు నాకు నడుము దాకా వంగాడు. నేను అంత వంగలేకపోయాను. ఆ తర్వాత కొన్నేళ్లకు మనిషికింత అని నెలనెలా సర్కారు రుసుములు వచ్చిపడి ఆ కంపెనీ మూతపడిందని, తనబె గారు తన దేశానికి వెళ్లిపోయాడని తెలిసింది. ఉన్నాడో లేడో తెలియదు. ఆ రుసుముల దెబ్బకే మామ కూడా సామాను సర్దుకున్నాడు. నేను మెట్‌పల్లిలో ఈ స్టూడియో పెట్టాను. నడుస్తోంది. ఇప్పటికీ పెళ్లింటికి పోతే మొదట చేసే పని, సున్నం లేని ఇటుక గోడలకు పరదా కట్టడం. గుడిసెలోంచి వచ్చే పెళ్లికూతురిని ఎవడిదో కారు ముందు నిలబెట్టడం. జనం అదే అడుగుతారు, నేనూ అదే ఇస్తాను. బతాలోని ఆ పిల్లగాడికి ఎవరూ ఏమీ నేర్పలేదు. వాడికి సుద్దగీతా తెలియదు, టేపూ తెలియదు. తాను పడుకునే మంచం తాను చూపించడానికి వాడికి ఎవరి అనుమతీ అక్కరలేకపోయింది. వాడిని చూసి నవ్వగలిగిన మామను చూస్తే అసూయ పుట్టింది.

మామకు నేను చెప్పని ముక్క ఒకటుంది. ఊరికి వచ్చిన వారంలోనే లాప్‌టాప్ పట్టుకుని అత్తమ్మ ఇంటికి పోయాను. మా అమ్మ కూడా అక్కడే ఉంది. వదినా ఆడబిడ్డలిద్దరూ ఒళ్లో చాటలు పెట్టుకుని బీడీలు చుడుతున్నారు. వీడియో పెట్టాను. మామ తెర మీద ఉల్లిగడ్డ కోయగానే అత్తమ్మ చేతిలో తునికాకు ఆగిపోయింది. "అయ్యో, గంత లావు కోస్తరా ఉల్లిగడ్డ!" అని నవ్వి, వెంటనే కొంగు నోట్లో కుక్కుకుంది. వంటవాడి అబద్ధం గురించి సంజాయిషీ చెప్పబోయాను. "నాకెరుకనే బిడ్డా. ఫోన్ల మాట్లాడంగ పోపు సప్పుడు ఇనవడ్తది గాదు?" అంది. పొయ్యి పోయింది, మంచాలు వచ్చాయి, లుంగీలు వచ్చాయి. అప్పుడు తెర చివర, కిటికీ పక్కన, ఒక మనిషి. తెల్ల అట్ట జారిపోతుంటే మోచేత్తో మొహం కప్పుకుని, దొరికిపోయిన దొంగలా గోడ వారకు ఉరుకుతున్నాడు. తనబె గారు దాన్ని కోసెయ్యలేదు. కోసెయ్యడం ఆయనకు క్షణం పని.

"గా పక్కకు ఉరికెటోడు ఎవడుర?" అంది అత్తమ్మ.

"ఎవడో బంగ్లాదేశోడు అత్తమ్మా. రూముల ఉంటడు" అన్నాను. నా నోటికి ఆ మాట ఎంత తొందరగా వచ్చిందో!

"అయ్యో పాపం. మొకం సూపెట్టేతందుకు గంత సిగ్గేందో ఆనికి. ఆని తల్లి సూస్తె ఏమైతదో" అంది అత్తమ్మ.

మా అమ్మ తెర వైపు చూడలేదు, నా వైపూ చూడలేదు. చాటలోంచి ఇంకో ఆకు తీసి, తంబాకు వేసి, మెల్లగా చుట్టింది.

"ఏమైతది వదినే," అంది. "సూడనట్టే ఉంటది."